పాలవాగు కింద రెండు గీతలు

దిక్కు యంత్రం మొట్టమొదట విన్న గుండె ఐలయ్యది.

భూమి కింద, రాతి బరువును మోస్తున్న బొగ్గు పక్కన మనిషి గుండె కొట్టుకుంటే, ప్రతి దెబ్బకూ ఆ బొగ్గులో ఒక సన్నని విద్యుత్ వణుకు పుడుతుందనీ, ఆ వణుకు రాయిని దాటుకుని పైదాకా వస్తుందనీ ఇంజనీరు స్వరూప కనిపెట్టింది. దాన్ని పట్టుకోవడానికి ఆరేళ్లు కష్టపడి తలుపంత పెద్ద స్ఫటికపు పలకలు రెండు తయారుచేసింది. పరీక్ష కోసం గనిలో ఒకచోట కదలకుండా కూర్చునే మనిషి కావలసివస్తే, ఆమె అక్క సమ్మక్క భర్త ఐలయ్య ముందుకొచ్చాడు. పాలవాగు రెండో గనిలో పైకప్పు కూలకుండా దుంగలు నిలబెట్టడం ఆయన పని.

"నేనేం జెయ్యాలె?" అని అడిగాడు.

"ఏం జెయ్యద్దు బావా. ఊకె కూసో."

"గంతేనా? గసొంటి కొలువుంటే జర చూడు, ఈ కొలువు ఇడిసిపెడ్త."

ఆ రోజు నేలమీద పలకకు తగిలించిన హెడ్‌ఫోన్లలో యాభై మీటర్ల కిందనుంచి ఐలయ్య గుండె వినిపించింది. ఏడెనిమిది దెబ్బలకోసారి ఒక దెబ్బ తప్పి, తర్వాతి రెండూ తొందరగా కలిసి పడేవి. స్వరూప భయపడి మర్నాడే డాక్టరు దగ్గరికి తీసుకెళ్లింది. పుట్టుకతో వచ్చిన తీరు, ప్రమాదమేం లేదన్నాడు డాక్టరు.

పలకకు దిక్కు తెలుస్తుంది, దూరం తెలియదు. పడమటి పలక "ఇటువైపు" అని భూమిలోకి ఏటవాలుగా ఒక గీత చూపిస్తుంది. ఆ గీత మీద మనిషి ఎక్కడైనా ఉండవచ్చు. వాగు ఒడ్డున తూర్పు పలక మరో గీత చూపిస్తుంది. రెండు గీతలూ కలిసేది ఒకే ఒక బిందువు దగ్గర. మనిషి అక్కడున్నట్టు లెక్క. దిక్కు తేలాలంటే పది నిమిషాలపాటు వచ్చిన వణుకులన్నీ కలిపి కూడాలి. ఆ కూడికలో గుండె దెబ్బలు విడివిడిగా మిగలవు. అందుకని కొన్నాళ్లకు స్వరూప హెడ్‌ఫోన్లు పెట్టుకోవడమే మానేసింది. తెరమీద గీతలు చూస్తే సరిపోయేది.

అయితే రాతిలో వణుకు కొంచెం వంగుతుంది. అందువల్ల పరీక్షల్లో ఆ రెండు గీతలూ సరిగ్గా తగిలేవి కావు. అరమీటరో, మీటరో ఎడంగా ఒకదాన్నొకటి దాటిపోయేవి. దానికి స్వరూప ఒక చిన్న నియమం రాసింది: గీతలు కలవకపోతే, అవి అన్నిటికంటే దగ్గరగా వచ్చిన చోట నడిమి బిందువు తీసుకోవాలి. రెండు వరుసల నియమం. ఎంత ఎడముంటే ఆగిపోవాలో మాత్రం రాయలేదు. ఆ అవసరం ఎప్పుడూ రాలేదు.

ఆమె ఈ పనిలోకి రావడానికి కారణం వాళ్ల నాన్న. పదహారేళ్ల కిందట ఇదే గనిలో పైకప్పు కూలినప్పుడు నాలుగు రోజులు ఒకచోట తవ్వారు. ఆయన అక్కడికి ఇరవై అడుగుల దూరంలో ఉన్నాడు. ఆ తర్వాత సమ్మక్క కుట్టుమిషను పెట్టుకుని, వీధిలో వాళ్లందరి జాకెట్లూ కుట్టి చెల్లెల్ని చదివించింది. యంత్రానికి దిక్కు అని పేరు పెట్టింది కూడా ఆమే.

గని పైకప్పు మళ్లీ కూలింది ఒక మంగళవారం ఉదయం ఏడు గంటల నలభై నిమిషాలకు.

గని పక్కనున్న రేకుల షెడ్డే స్వరూప ప్రయోగశాల. సైరన్ వినగానే బయటికి పరుగెత్తింది. మొదటి షిఫ్టు వాళ్లంతా దగ్గుకుంటూ పైకి వస్తున్నారు. లోపలికి దిగేటప్పుడు ప్రతి ఒక్కరూ తీసుకుని, పైకొచ్చాక తిరిగి ఇచ్చే ఇత్తడి బిళ్లలను దీపాల గదిలో లెక్క చూశారు. ఒకే ఒక బిళ్ల తిరిగి రాలేదు. అది ఐలయ్యది.

"ఒక్కడే," అన్నాడు గని మేనేజరు శ్రీధరరావు. "స్వరూపగారూ, మీ యంత్రం ఇవాళ పనికి రావాలి."

తొమ్మిదింటికల్లా స్వరూప రెండు పలకలనూ నేలరాతికి ఆనించి బిగించింది. తొమ్మిదీ పదికి తెరమీద రెండు గీతలు వచ్చాయి.

కలవలేదు. ఒకదాన్నొకటి పద్దెనిమిది మీటర్ల ఎడంతో దాటిపోయాయి.

ఆమె పక్కన సర్వేయరు మొయినుద్దీన్ నిలబడ్డాడు. ముప్పై ఏళ్లుగా ఆ గని నక్షాలన్నీ ఆయన చేతిమీదుగానే తయారయ్యాయి. గని ఎదురుగా రైలుపట్టాల మీదుగా బొగ్గు బెల్టు వంతెన ఒకటి పోతుంది. ఆయన దానికేసి చూపించాడు.

"బేటీ, నక్షల చూస్తె ఆ బెల్టు, ఈ పట్టాలు అడ్డంగ కోసుకున్నట్టే ఉంటయి. కని బెల్టు మీది బొగ్గుకు, కింద బండికి ఏడ కలుస్తది? మీ గీతలు గట్ల పోతున్నయి."

"కూలినప్పుడు రాయంతా పగిలింది సాబ్. వణుకు ఎక్కువ వంగి ఉంటది. నడిమి బిందువు తీసుకుంటున్న."

ఆయన నక్షా మీద లెక్క వేసి మళ్లీ అన్నాడు. "నీ బిందువు బొగ్గుల వడ్తలేదు. బొగ్గు మీద ఆరు మీటర్ల రాయిల వడ్తున్నది. రాతి లోపల మనిషి ఎట్లుంటడు?"

"దానికి సూటిగ కింద ఉంటడు. ఆరు మీటర్లు ఎక్కువ తవ్వుదాం."

వేరే మాట వినే ఓపిక ఆ గడియలో ఆమెకు లేదు. బావ కింద ఉన్నాడు, గని మొత్తానికి బోరు మిషను ఒక్కటే ఉంది. తొమ్మిదిన్నరకు ఆమె చూపించిన చోట బోరు తవ్వడం మొదలైంది.

పన్నెండున్నరకు బోరు బొగ్గు పొరకు చేరింది. ఖాళీ తగల్లేదు. గట్టి బొగ్గే. ఇంకా తవ్వారు. బొగ్గు దాటి దాని కిందున్న రాయి వచ్చింది. డ్రిల్లరు మిషను ఆపి స్వరూప వంక చూశాడు.

ఆమె గేటు వైపు నడిచింది, అక్కకు ఏం చెప్పాలో తెలియకుండానే. గేటు దగ్గర తాడు కట్టి జనాన్ని ఆపారు. సమ్మక్క ముందు వరుసలోనే ఉంది. ఆమె పక్కన ఒక ఆడమనిషి, గుడ్డలో కట్టిన సద్దిగిన్నె చేతపట్టుకుని, హాజరు రాసే గుమాస్తాతో మాట్లాడుతోంది.

"ఆత్రం జంగు. మా మనిషి. పొద్దుగాల్నే వచ్చిండు."

"అసొంటి పేరు లేదమ్మా. ఎన్నిసార్లు చెప్పాలె? కాంట్రాక్టు లిస్టుల లేదు, బిళ్ల తీస్కోలేదు."

"కాంట్రాక్టరు కిందికి రమ్మన్నడు. దుంగలు మోసే మనిషి తక్కువైండంట. గంట పనే, బిళ్ల ఎందుకన్నడు. రోజు పైన కూలి జేస్తడు, ఈ యాల్లకు గేటు కాడికొచ్చి సద్ది దీస్కపోతడు. ఇయ్యాల రాలే."

"ఇంటికి పోయుంటడు."

"ఇంటికాడికెల్లే వస్తున్న గద సారూ."

స్వరూప అక్కడే నిలబడిపోయింది. సమ్మక్క ఆమె ముఖం చూసి, "ఏమైందే?" అంది. స్వరూప వెనక్కి తిరిగి పరుగెత్తింది.

షెడ్డులో హెడ్‌ఫోన్లు దుమ్ముపట్టి ఉన్నాయి. ముందు పడమటి పలక నుంచి వచ్చే తీగకు తగిలించింది. గుండె చప్పుడు వేగంగా, గట్టిగా ఉంది. ఎనిమిదో దెబ్బ తప్పింది, వెంటనే రెండు కలిసి పడ్డాయి. బావ! ఆమె కళ్లలో నీళ్లు తిరిగాయి. తర్వాత తూర్పు పలక తీగకు తగిలించింది. నెమ్మదిగా కొట్టుకుంటోంది, చాలా నెమ్మదిగా. ఒక్క దెబ్బా తప్పలేదు. నిమిషం పాటు లెక్కపెట్టింది. నలభై ఆరు.

అది వేరే మనిషి గుండె.

ప్రతి పలకా తనకు దగ్గరున్న గుండెను పట్టుకుంది. రెండు గీతలూ నిజమే చెప్పాయి. కింద ఉన్నది ఒక్కడే అని తప్పు చెప్పింది బిళ్లల రిజిస్టరు. ఆ రిజిస్టరును నమ్మి, ఎన్నడూ కలవని గీతలను ఆమె నియమం బలవంతంగా కలిపింది. ఆ ఇద్దరికీ నడుమ, ఎవరూ లేని చోట మూడు గంటలు తవ్వించింది.

"సాబ్," అంది మొయినుద్దీన్‌తో. "ఇద్దరున్నరు. ఒక్కొక్కరికి ఒక్కటే గీత ఉన్నది. బిందువు దొరకాలంటే పలకలు మార్చి ఇంకో గీత తియ్యాలె. మళ్ల రెండు గంటలు."

మొయినుద్దీన్ తన నక్షా చుట్ట విప్పి బల్లమీద పరిచాడు. "ఇంకో గీత ఎందుకు బేటీ? వాళ్లున్నది బొగ్గు పొరలనే గద. ఈడ ఆ పొర వాలుగ పెట్టిన బల్ల తీరు ఉంటది. నేను సర్వీసుల చేరినప్పుడు మూడు బోర్లేసి లోతు చూసిన. మూడు బిందువులు దొరికితె బల్ల మొత్తం దొరికినట్టే, అది ఇంక అటిటు కదలదు. నీ గీత ఆ బల్లను ఎన్ని చోట్ల పొడుస్తది?"

"ఒక్క చోటనే," అంది స్వరూప.

"గా చోటనే మనిషి."

పావుగంటలో రెండు బిందువులు తేలాయి. పడమటి గీత పొరను పొడిచిన చోట ఐలయ్య. తూర్పు గీత పొడిచిన చోట రెండో మనిషి. ఇద్దరికీ మధ్య కూలిన రాయి ఉంది.

మేనేజరు అంతా విన్నాడు. "ఐలయ్యది ఏ గీత?"

"పడమటిది."

"అయితే మిషను అక్కడికి జరపండి. రెండోది తర్వాత చూద్దాం. రిజిస్టర్లో లేని మనిషి కోసం ఉన్న మనిషిని ఆపానంటే రేపు నన్నే అడుగుతారు."

బావ దగ్గరికే ముందు వెళ్లాలని స్వరూప మనసూ లాగుతోంది. ఆ లాగుడుకే ఆమెకు భయమేసింది. మళ్లీ గేటు దగ్గరికి వెళ్లి, అక్కనూ, సద్దిగిన్నె పట్టుకున్న ఆమెనూ పక్కకు పిలిచింది. జంగు భార్య పేరు మారుబాయి. ఇద్దరికీ ఉన్నదున్నట్టు చెప్పింది.

"బావ గుండె గట్టిగుంది అక్కా. జంగుది నలభై ఆరుకు దిగింది. ఇంక దిగుతున్నది. ఒక్కో బోరుకు మూడు గంటలు."

మారుబాయి సద్దిగిన్నెను రెండు చేతులా పొట్టకు అదుముకుంది. సమ్మక్క ఆమెను చూసింది, చెల్లెల్ని చూసింది.

"మూడు గంటలు మీ బావ ఆగుతడా?"

"ఆగుతడనుకుంటున్న. ఖాయంగ చెప్పలేను."

సమ్మక్క కొంగుతో ముఖం తుడుచుకుంది. "అయితె ఈమె మనిషి కాడికే పోన్రి ముందుగాల."

మేనేజరు ఆ మాట కాగితం మీద రాసివ్వమన్నాడు. సమ్మక్క కాగితం మోకాలిమీద పెట్టుకుని ఒక వాక్యం రాసి, సంతకం పెట్టి ఇచ్చింది. తర్వాత అక్కడే మట్టిలో కూర్చుండిపోయింది. మారుబాయి కూడా ఆమె పక్కనే కూర్చుంది.

ఒకటీ పదికి తూర్పు బిందువు మీద బోరు మొదలైంది. స్వరూప తూర్పు పలక దగ్గర హెడ్‌ఫోన్లు పెట్టుకుని కూర్చుంది. నలభై నాలుగు. నలభై. ముప్పై ఏడు. డ్రిల్లరు అరగంటకోసారి లోతు అరిచి చెబుతున్నాడు. పది మీటర్లు. ఇరవై. రెండున్నరకు ఇరవై ఆరు.

రెండూ యాభై రెండుకు ఒక దెబ్బ పడింది. ఆమె తర్వాతి దెబ్బ కోసం చూసింది. ఆ గుండె ఒక్కసారైనా దెబ్బ తప్పనిది. ఆలస్యంగానైనా వస్తుందనుకుంది. రాలేదు.

ఎనిమిది నిమిషాలు ఎవరికీ చెప్పలేదు. బోరు నడుస్తూనే ఉంది. అప్పుడు హెడ్‌ఫోన్లు తీసి లేచి నిలబడింది. దూరాన తాడు అవతల నుంచి మారుబాయి ఆమెనే చూస్తోంది. స్వరూప నోరు విప్పకముందే మారుబాయి గిన్నెను నేలమీద పెట్టి, రెండు చేతులతో తల పట్టుకుంది.

మిషను పడమటికి జరిగింది. సాయంత్రం ఆరున్నరకు బోరు ఒక్కసారిగా జారింది, కింద ఖాళీ తగిలింది. డ్రిల్లరు మిషను ఆపాడు. అందరూ బోరు చుట్టూ చేరి చెవులొగ్గారు. కిందనుంచి ఎవరో ఇనుప రాడును రాయితో కొట్టారు. టంగ్, టంగ్, టంగ్. గని ఆవరణంతా కేకలు పెట్టింది. గాలి గొట్టం, నీళ్లు దింపారు. మర్నాడు పదకొండు గంటలకు ఐలయ్యను పైకి తెచ్చారు. ఎడమకాలు మోకాలి కింద నలిగిపోయింది. డాక్టర్లు దాన్ని తీసేశారు.

నాలుగో రోజు ఆసుపత్రిలో ఐలయ్యకు తెలివొచ్చింది. మంచం పక్కన సమ్మక్క, స్వరూప ఉన్నారు.

"అవతలికెల్లి ఎవలో గోడ మీద కొట్టిండ్రు," అన్నాడు. "మస్తు సేపు కొట్టిండ్రు. మీరే వస్తున్నరనుకున్న. నేను సుత తిరిగి కొట్టిన. ఇంక మీరొస్తున్నరని ఊకున్న. తర్వాత ఆ చప్పుడు బందైంది. ఎవలది?"

సమ్మక్క చెప్పింది. ఐలయ్య గోడవైపు తిరిగి పడుకున్నాడు. ఆ పూట అన్నం ముట్టలేదు.

వారం తిరక్కముందే మేనేజరు శ్రీధరరావు నివేదిక రాయించి సంతకం కోసం స్వరూప బల్లమీద పెట్టాడు. చిక్కినవారు ఒకరు, రక్షించినవారు ఒకరు. తూర్పు పలక చూపించిన గీత యంత్రదోషం. ఐలయ్య విన్న చప్పుళ్లు కూలిన రాళ్లవి.

"ఇది పెద్ద విజయం, స్వరూపగారూ. వచ్చే ఏడాదికి నలభై గనుల్లో పెడతామంటున్నారు. ఎంతమంది బతుకుతారో ఆలోచించండి. ఇద్దరని రాశారనుకోండి, మొదటి బోరు ఎందుకు తప్పిందని అడుగుతారు. దానికి మీరే జవాబుదారీ."

ఆయన చెప్పినది అబద్ధం కాదు. అదే ఆమెను బాధపెట్టింది. కాగితం ఇంటికి తీసుకుపోయి రెండు రోజులు దాచుకుంది. సంతకం పెడితే నలభై గనుల్లో జనం బతుకుతారు. పెట్టకపోతే చచ్చినవాడు తిరిగి రాడు. ఇలా ఎన్నిసార్లు లెక్కవేసినా, ఆ నలభై గనుల్లోకీ తన నియమం కూడా వెళుతుందన్నది తప్పడంలేదు. ఇంకెక్కడో రిజిస్టర్లో పేరులేని మనిషి ఉంటాడు. గీతలు కలవవు. యంత్రం నడిమి బిందువు చూపిస్తుంది.

మూడో రోజు ఆమె ఆ నివేదిక చించి, తానే రెండు పేజీలు రాసింది. గనుల తనిఖీ అధికారికి నేరుగా ఇచ్చింది. చిక్కినవారు ఇద్దరు. రెండు గీతలూ సరైనవే. నేను రాసిన నియమం తప్పు. సర్వేయరు హెచ్చరించినా వినలేదు. నా వల్ల మూడు గంటలు పోయాయి. ఆత్రం జంగు గుండె మధ్యాహ్నం రెండు గంటల యాభై రెండు నిమిషాలకు ఆగింది. ఆ మూడు గంటలు పోకుండా ఉంటే ఆయన బతికేవాడని నా నమ్మకం. ఆయన ఉన్న బిందువు ఇది.

మొయినుద్దీన్ ఆ కాగితం చదివి, తన నక్షా ఒకటి దానికి జతచేసి కింద సంతకం పెట్టాడు. "వచ్చే నెల రిటైరయితున్న. నన్నేం జేస్తరు?" అన్నాడు.

యంత్రాన్ని నలభై గనులకు పంపడం ఆగిపోయింది. మరో రెండేళ్లు పరీక్షించాలన్నారు. స్వరూపను ప్రయోగశాల పెద్ద పదవి నుంచి తీసేసి, అదే షెడ్డులో మామూలు ఇంజనీరుగా ఉంచారు. కాంట్రాక్టరు మీద కేసు నడుస్తోంది. తనిఖీ అధికారి మాత్రం ఆ బిందువు దగ్గర తవ్వమని ఆజ్ఞ ఇచ్చాడు. పని మొదలైన పదకొండో రోజు తవ్వుతున్నవాళ్లకు జంగు కనిపించాడు, బిందువుకు రెండు మీటర్ల దూరంలో, గోడకు ఆనుకుని. చేతిలో రాయి ఉంది.

జంగు గూడెం పాలవాగుకు రెండు మైళ్ల దూరం. స్వరూప వెళ్లింది. వెళ్లకుండా ఉండలేకపోయింది. గూడెం జనం ఆమెను రమ్మనలేదు, పొమ్మనలేదు. ఊరి వెలుపల పాతిపెట్టారు. అందరితోపాటు ఆమె కూడా పిడికెడు మన్ను వేసింది. తర్వాత ఒక ఇప్పచెట్టు నీడన విడిగా నిలబడింది.

మారుబాయే ఆమె దగ్గరికి వచ్చింది.

"తప్పు కాడ తవ్విచ్చింది నేనే," అంది స్వరూప.

"ఎరికే. నువ్వే రాసిచ్చినవట. ఆ తనిఖీ పెద్దసారు వచ్చి చెప్పిండు."

మారుబాయి చాలాసేపు కొత్త మట్టివైపే చూసింది. కోపంతో చూస్తోందో, దుఃఖంతో చూస్తోందో స్వరూపకు తెలియలేదు.

"నువ్వు మా మనిషి గుండె ఇన్నవట గద."

"ఇన్న."

"ఎట్లుండె?"

నలభై ఆరు అని చెబితే ఏం అర్థం? స్వరూప మారుబాయి చేయి తన చేతిలోకి తీసుకుని, అరచేతి మీద వేళ్లతో కొట్టింది. ఒక దెబ్బ. ఆగి, ఇంకో దెబ్బ. మళ్లీ ఆగి, ఇంకొకటి. తొందరలేకుండా, ఎక్కడా తప్పకుండా. మారుబాయి కళ్లు మూసుకుంది.

కొంతసేపటికి స్వరూప చేయి ఆపబోయింది.

"ఆపకు," అంది మారుబాయి. "ఇంకొంచెం సేపు."

గూడెంలో అన్నాలకు పిలిచేదాకా ఇద్దరూ ఆ చెట్టు కిందే కూర్చున్నారు.